పోయినవాడిని తిట్టిన ఒమిత్సు

మొన్న ఆదివారం సాయంత్రం మా చిన్న ఫిల్మ్ క్లబ్బులో 1933 నాటి జపాను మూకీ చిత్రం ‘యోగోతో నో యుమె’ వేశారు. ‘రాత్రి రాత్రికీ కలలు’ అని ఆ పేరుకు అర్థం చెప్పుకోవచ్చు. మికియో నరుసె తీసిన ఈ సినిమా నిడివి గంటా నాలుగు నిమిషాలు. ఇరవై మందిమి చూశాం. దీపాలు వెలిగాక సాహిత్యం బాగా చదువుకున్న ఒక పెద్దాయన, “అంతా బాగుంది గాని, ఆ చివర పోయినవాడిని పట్టుకుని అలా తిట్టడమేమిటండీ? ఆవిడకు గుండె లేదా?” అన్నారు. నలుగురైదుగురు తలలూపారు. నేను ఏదో చెప్పబోయి ఆగిపోయాను. నరుసె తీసిన అయిదు మూకీలను పాత సినిమాల డీవీడీలు తెచ్చే క్రైటీరియన్ సంస్థ 2011లో ఒక్క సంపుటిగా తెచ్చినప్పుడు ఈ సినిమాను మొదటిసారి చూశాను, ఆనాడు నాకు కూడా అచ్చం అదే అనిపించింది.

మెట్లు దిగుతుండగా, సమావేశమంతా ఒక్క మాటా మాట్లాడని అరవై దాటిన ఒక ఆవిడ నా పక్కన నడుస్తూ, నాతో అన్నట్టూ తనలో తాను అన్నట్టూ, “తిట్టకపోతే ఆ రాత్రి గడిచేది కాదు ఆవిడకి” అన్నారు. వారం రోజులుగా ఆ మాట నన్ను వదలడం లేదు. ఆ పెద్దాయనకు అక్కడ చెప్పలేకపోయినది ఇక్కడ రాయాలని కూర్చున్నాను.

ఆ చివరి గది

కథ క్లుప్తంగా చెబుతాను. టోక్యో రేవు దగ్గర ఒక బారులో ఒమిత్సు పని చేస్తుంది. నావికులకు మద్యం పోయడం, వారితో నవ్వుతూ మాట్లాడడం, వారి చేతులను తప్పించుకోవడం ఆమె ఉద్యోగం. ఇంట్లో ఫుమియో అనే చిన్న కొడుకు ఉంటాడు. ఆమె లేనప్పుడు పక్క వాటాలోని ముసలి దంపతులు వాడిని చూసుకుంటారు. మూడేళ్ల క్రితం వదిలి వెళ్ళిపోయిన భర్త మిజుహారా ఒక రోజు తిరిగి వస్తాడు. మొదట పొమ్మంటుంది, తరువాత మనసు మార్చుకుంటుంది. అతను పని కోసం తిరుగుతాడు. మనిషి బలహీనంగా ఉన్నాడని పనిలో పెట్టుకోరు. ఇంతలో కొడుకు కారు కింద పడతాడు. వైద్యానికి డబ్బు కావాలి. బారుకు వచ్చే ఓడ కెప్టెన్ ఒకడు ఆమె మీద ఎప్పటినుంచో కన్నేసి ఉన్నాడు గనుక డబ్బు దొరికే దారి ఒకటి ఆమెకు తెలుసు. ఆ దారిన ఆమెను పోనివ్వలేక మిజుహారా దొంగతనం చేసి గాయంతో ఇంటికి వస్తాడు. ఆ డబ్బు తాకనని, వెళ్ళి లొంగిపొమ్మని ఆమె అంటుంది. అతను కొడుకును ఒకసారి చూసుకుని బయటికి వెళ్ళిపోతాడు. తెల్లవారేసరికి రేవు నీళ్లలో అతని దేహం దొరికిందన్న కబురు వస్తుంది.

ఆ తరువాత వచ్చే గది దృశ్యమే ఈ వ్యాసానికి మూలం. ఒమిత్సు భర్త వదిలిన ఉత్తరం చదువుతుంది. చదివి చింపేస్తుంది. పిరికివాడని, చేతకానివాడని తిడుతుంది. మంచం పట్టి ఉన్న పిల్లవాడి దగ్గరికి చేరి, నువ్వు మాత్రం గట్టివాడివిగా పెరగాలని, నాన్నలా కాకూడదని చెబుతుంది. కన్నీళ్లు కూడా ఉన్నాయి, అయితే అవి తిట్లను ఆపవు, తిట్లు వాటిని ఆపవు. మనకు అలవాటైన వరుస ఇది కాదు. ముందు ఏడుపు, తరువాత ఓర్పు, ఆ తరువాత ధైర్యం అన్న క్రమంలో వితంతువు దుఃఖాన్ని చూపడం మన సినిమాలకూ వాళ్ల సినిమాలకూ అలవాటే. ఇక్కడ అన్నీ ఒకేసారి వచ్చి మీద పడతాయి. అందుకే ఆమె మొరటుగా కనిపిస్తుంది.

ఆమె కోపాన్ని దుఃఖం లేకపోవడంగా చదవడం పొరపాటని నా అభిప్రాయం. తన బతుకులో ఆమెకు మిగిలిన దుఃఖరూపం అదొక్కటే. నరుసెకు ఆ సంగతి తెలుసు కాబట్టే ఆమెను మెత్తబరచకుండా వదిలేశాడు.

నిరాశకు కూడా స్తోమత కావాలి

ఆ రోజుల్లో జపాను కేఫుల్లోనూ బారుల్లోనూ పనిచేసే స్త్రీలలో ఎక్కువమందికి జీతమంటూ ఉండేది కాదు. వచ్చినవాళ్లు ఇచ్చే టిప్పులే రాబడి. అంటే ఒక రాత్రి ముఖం ముడుచుకుంటే మరునాడు పొయ్యి మీదికి ఎసరు ఎక్కదు. 1930 నుంచి ఆ దేశాన్ని ఆర్థిక మాంద్యం పట్టి పీడిస్తోంది, పనుల్లేక మగవాళ్లు వీధుల్లో తిరుగుతున్నారు. ఇంకోవైపు, 1898 నాటి పౌరస్మృతి ప్రకారం భార్య తన ఆస్తి విషయంలో ముఖ్యమైన పని ఏది చేయాలన్నా భర్త అనుమతి కావాలి, పిల్లల మీద అధికారం మొదట తండ్రిదే. మూడేళ్లు కనిపించకుండా పోయిన మిజుహారా తిరిగి వచ్చి గుమ్మంలో నిలబడినప్పుడు చట్టం అతని వెనకే నిలబడి ఉంది. ఆమె వెనక పక్కింటి ముసలివాళ్లు తప్ప ఎవరూ లేరు.

ఇదంతా సినిమాలో ఎవరూ ఉపన్యాసంగా చెప్పరు. కొన్ని చూపుల్లో తెలుస్తుంది. బారుకు వెళ్ళే ముందు ఆమె అద్దం ముందు కూర్చుని ముఖం సిద్ధం చేసుకుంటున్నప్పుడు, తల్లిగా ఉన్న ముఖం మెల్లగా పక్కకు తప్పుకుని, అమ్ముడుపోయే ముఖం వచ్చి కూర్చుంటుంది. ఈ మార్పు ఆమె ప్రతి రాత్రీ చేస్తుంది. ఏ రాత్రీ దానికి సెలవు లేదు.

ఇప్పుడు మిజుహారా వైపు చూద్దాం. అతను నిరాశ పడ్డాడు. పడి, ఆ నిరాశను చివరిదాకా ఖర్చు చేసేశాడు. అందులో అతను నిజంగా నలిగిపోయాడని నేను కాదనను. కాని ఆ ఇంట్లో నిరాశ పడే అవకాశం ఒక్కరికే ఉంది, దాన్ని అతను తీసేసుకున్నాడు. మర్నాడు ఉదయం పిల్లవాడి కట్టు మార్చవలసిన మనిషికి అది మిగలలేదు. ఒమిత్సు ఉత్తరాన్ని చింపుతున్నప్పుడు ఆమె ముఖంలో నాకు కనిపించేది ప్రధానంగా ఈ అన్యాయమే. “నేను కూడా అలసిపోయాను, నేను మాత్రం ఎక్కడికి పోను?” అన్న ప్రశ్న సినిమాలో ఎక్కడా అక్షరాల్లో రాదు. ఆ తిట్టుకు అడుగున ఉన్నది మాత్రం ఆ ప్రశ్నే.

అతని తప్పేముంది?

ఇక్కడ నా వాదనకు ఎదురు నిలిచే మాట ఒకటి ఉంది, దాన్ని తేలిగ్గా దాటలేను. మిజుహారాను బలహీనుడిని చేసింది దేశమంతా పాకిన నిరుద్యోగం. తత్సువో సైతో ఆ పాత్రలో ఎంత సన్నగా, ఎంత వంగిపోయి కనిపిస్తాడంటే, ఫ్యాక్టరీ మేస్త్రీ అతన్ని పైనుంచి కిందిదాకా చూసి వద్దన్నప్పుడు మనకు కోపం కూడా రాదు, జాలే కలుగుతుంది. ఖాళీ స్థలంలో పిల్లలతో బేస్‌బాల్ ఆడే దృశ్యంలో అతను చక్కని తండ్రి. దొంగతనానికి దిగింది కూడా భార్యను ఆ కెప్టెన్ దగ్గరికి పంపలేకనే. అలాంటివాడిని పిరికివాడనడం, వ్యవస్థ చేసిన నేరాన్ని ఒక మనిషి నెత్తిన రుద్దడం కాదా?

ఈ ప్రశ్న నన్ను చాలాకాలం పట్టి ఉంచింది. సినిమా ఆమె తీర్పును బలపరుస్తోందని అనుకున్నంతకాలం నా దగ్గర దీనికి జవాబు లేదు. మొన్న మళ్ళీ చూసినప్పుడు తెలిసినదేమిటంటే, సినిమా ఆమె నోటికి ఆ మాటను ఇచ్చింది గాని తన సంతకం దాని కింద పెట్టలేదు. పెట్టదలచుకుంటే మిజుహారాను తాగుబోతుగానో, సోమరిగానో చూపించడం ఎంత పని? ఆ బేస్‌బాల్ ఆటను అంత ప్రేమగా తీయనవసరమే లేదు. నరుసె ఆ మనిషిని మనచేత ప్రేమింపజేసి, ఆ తరువాత ఆమెచేత తిట్టించాడు. ఆమె మాట న్యాయమైన తీర్పు కాదు, ఆ గదిలో న్యాయమైన తీర్పు చెప్పగల స్థితిలో ఎవరూ లేరు. అంత బాధలో ఉన్న మనిషిని ముందు న్యాయంగా మాట్లాడు, ఆ తరువాతే నీ బాధ వింటాం అనడం మనం ప్రేక్షకుల కుర్చీలో కూర్చుని పెట్టే షరతు.

ఒక్క చోట మాత్రం ఇప్పటికీ నాకు నిమ్మళం లేదు. దెబ్బలతో పడుకున్న చిన్నపిల్లవాడితో తండ్రిలా కావద్దని చెప్పడం. ఆ మాట వాడిలో ఎంతకాలం ఉంటుంది? 1933లో చిన్నపిల్లవాడు, మరో పదేళ్లకు యుద్ధం నడుమ పెరుగుతూ ఉంటాడు. గట్టివాడివి కావాలన్న మాటను అప్పటికి దేశమే వాడికి వేరే అర్థంలో నూరిపోస్తూ ఉంటుంది. సినిమా తీసినవారికి ఇది తెలిసే వీలు లేదు. చూస్తున్న మనకు తెలుసు, ఆ దృశ్యం దగ్గర నా గొంతు ప్రతిసారీ పట్టేస్తుంది. ఆమెను సమర్థిస్తున్నాను గాని, ఈ మాటను మాత్రం సమర్థించలేను.

అదే ఏడాది మరో స్త్రీ

ఒమిత్సు ఎంత కొత్తదో తెలియాలంటే అదే 1933లో వచ్చిన కెంజి మిజొగుచి చిత్రం ‘తకి నో షిరైతో’ పక్కన పెట్టి చూడాలి. ఆ ఏడాది ఉత్తమ చిత్రాలుగా ‘కినెమా జుంపో’ పత్రిక ఎంచిన జాబితాలో అది రెండవది, నరుసె చిత్రం మూడవది. మిజొగుచి చిత్రంలో నీళ్లతో గారడీ చేసే కళాకారిణి తను ప్రేమించిన యువకుడి న్యాయశాస్త్రం చదువుకు డబ్బు పంపుతూ పోతుంది, ఆ డబ్బు కోసమే చిక్కుల్లో పడి హత్య నేరం మోస్తుంది. చివరికి ఆమె మీద అభియోగం మోపవలసినవాడు ఆ యువకుడే అవుతాడు. ఆమె దాన్ని కూడా సంతోషంగా స్వీకరిస్తుంది. గొప్ప సినిమా, అందులో సందేహం లేదు. ఆ స్త్రీ మనసులో ఎంత తుఫాను రేగినా ప్రతి కెరటమూ త్యాగం ఒడ్డునే తగులుతుంది. చూసేవాళ్లు ఏడ్చి, కళ్ళు తుడుచుకుని, ఆమెను పూజించి ఇంటికి వెళ్ళవచ్చు.

ఒమిత్సును పూజించడానికి వీలు లేదు. త్యాగం చేసినవాడు ఇక్కడ భర్త. దొంగతనం, మరణం, ఉత్తరం, అన్నీ ఆమె కోసమే చేశానని అతను అనుకున్నాడు. ఆ త్యాగాన్ని అందుకోవలసిన మనిషి అది నాకు వద్దు పొమ్మంది. మా క్లబ్బులో పెద్దాయనను నొప్పించింది ఇదేనేమో. స్త్రీ త్యాగాన్ని పురుషుడు తోసిపుచ్చిన సినిమాలు ఆయన ఎన్నో చూసి ఉంటారు. అప్పుడు అతనికి గుండె లేదని ఇంత త్వరగా అని ఉంటారా?

ముఖం మీదికి దూసుకొచ్చే కెమెరా

నరుసెను ఇష్టపడేవాళ్లు కూడా ఈ సినిమాను గురించి కొంచెం మొహమాటంగా మాట్లాడడానికి మరో కారణం అందులోని కెమెరా. ఎవరికైనా గుండె కలుక్కుమన్నప్పుడల్లా అది వాళ్ల ముఖం మీదికి ఒక్క ఊపున దూసుకొస్తుంది. 1950లలో ఆయన తీసిన ‘ఉకిగుమొ’ వంటి చిత్రాలలో నిశ్చలంగా, ఊపిరి బిగబట్టినట్టు ఉండే తీరును ఎరిగినవాళ్లకు ఇది 28 ఏళ్లు నిండని కుర్రవాడి ఆర్భాటంలా తోస్తుంది. నరుసె పనిచేసిన షోచికు స్టూడియో అధిపతి షిరో కిదో తమకు ఇద్దరు ఓజులు అక్కర్లేదని (నిశ్చలమైన కెమెరాకు పేరుపడ్డ యసుజిరో ఓజు అక్కడే మరో దర్శకుడు) అన్నాడనీ, 1934లో నరుసె ఆ సంస్థను విడిచి వెళ్ళిపోయాడనీ చెబుతారు. ఈ కెమెరా పరుగులు చూశాక ఆ మాట నాకు ఎప్పుడూ వింతగానే ఉంటుంది.

ఆర్భాటమన్న విమర్శలో కొంత నిజముంది. అంతకు ముందు ఏడాది తీసిన సినిమాలోనూ, అదే 1933లో తీసిన మరో సినిమాలోనూ ఆయన ఇదే పని చేశాడు. అందువల్ల ఇది ఒమిత్సు కోసమే పుట్టిన పద్ధతి అని నేను అనలేను. అలవాటే. ఆ అలవాటుకు ఈ సినిమాలో తగిన చోటు దొరికిందని మాత్రం అనగలను. ఒమిత్సు తన మనసులో ఉన్నదాన్ని ఎవరికీ చెప్పదు. బారులో చెప్పలేదు, పక్కింటి ముసలావిడకు చెప్పి ఆమెను బాధపెట్టలేదు, పిల్లవాడికి అర్థం కాదు, భర్తకు చెబితే అతను మరింత కుంగిపోతాడు. చెప్పే తావు లేని మనిషి ముఖం వైపు కెమెరా పరుగెత్తుకుని వస్తుంది, వచ్చి సరిగ్గా ముఖం ముందు ఆగిపోతుంది. లోపలికి వెళ్ళే దారి లేదు. పెద్ద కబురు విన్న మనిషి దగ్గరికి చుట్టాలు ఆత్రంగా వెళ్ళి, దగ్గరికి చేరాక ఏమనాలో తోచక నిలబడిపోతారే, అలా ఉంటుంది ఆ ఆగడం.

ఆ ముఖం సుమికో కురిషిమాది. ఆమె 1921లో తెరమీదికి వచ్చేనాటికి జపాను సినిమాల్లో ఆడవేషాలు ఇంకా చాలావరకు మగవాళ్లే వేస్తున్నారు. ఆ సంప్రదాయం చివరి రోజుల్లో వచ్చి, తొలి మహిళా తారల్లో ఒకరై, ఛాయాచిత్రాలు కొని దాచుకునేంతటి అభిమానాన్ని సంపాదించుకున్న నటి. చిన్నప్పటినుంచీ నాట్యం నేర్చినది. ఆ నాట్యం ఈ సినిమాలో ఎక్కడుందంటే, కదలకుండా నిలబడడంలో ఉంది. భర్త గుమ్మంలో కనిపించిన క్షణాన ఆమె భుజాలు మాత్రం కొద్దిగా పైకి లేచి అక్కడే బిగుసుకుపోతాయి. నేను ఆ చోట వెనక్కి తిప్పి నాలుగుసార్లు చూశాను.

1930ల చివర్లో సినిమాలు మానేసిన ఆమె, 1956లో మళ్ళీ ఒక్క చిత్రం కోసం తిరిగి వచ్చింది. అది నరుసె చిత్రమే, ‘నగరేరు’. అందులో ఆమె డబ్బున్న పెద్దావిడ. చిరునవ్వు చెదరకుండా, గొంతు పెంచకుండా, తన మీద నమ్మకం పెట్టుకున్న ఒక గెయిషా ఇంటి (విందుల్లో ఆటపాటలతో అలరించే స్త్రీల ఇంటి) భవిష్యత్తును నిర్ణయించేస్తుంది. కెమెరా ఎక్కడా ఆమె మీదికి పరుగెత్తదు. ఈ రెండిటినీ చూసి, మొదటిది పచ్చిదనమనీ రెండవది పరిణతి అనీ అనడం సులువు. నాకు అలా తోచదు. చేతిలో డబ్బున్న స్త్రీ నిదానంగా ఉండగలదు, ఆమెకు కెమెరా కూడా నిదానంగా నిలబడుతుంది. ఒమిత్సుకు నిదానించడానికి తీరిక ఎక్కడిది?

ఎవరి గొంతుతో తిట్టింది?

జపానులో తొలి పూర్తి టాకీ 1931లో వచ్చింది, మన ‘భక్త ప్రహ్లాద’ 1932లో మాట్లాడింది. 1933లో కూడా జపానువాళ్లు ఇంత మంచి మూకీలు తీస్తూ ఉండడానికి ఒక కారణం బెన్షి. తెర పక్కన నిలబడి పాత్రలన్నింటి మాటలూ తానే పలికే కథకుడు. ఆ వృత్తిలో స్త్రీలూ ఉన్నారు గాని ఎక్కువమంది మగవాళ్లే. అంటే ఆనాడు ఎన్నో హాళ్లలో ఒమిత్సు తిట్టు ఒక మగవాడి గొంతులోంచి వినిపించి ఉండాలి. ఆ గొంతు ఆ మాట దగ్గర తడబడిందో, కోపంతో పలికిందో, జాలిగా జారిందో ఎలా తెలుస్తుంది? ఈ ఆలోచన వచ్చినప్పటినుంచీ ఆ దృశ్యాన్ని నేను నిశ్శబ్దంగానే చూస్తున్నాను, సంగీతం కూడా ఆపేసి.

పోయినవాళ్లను తిట్టడం మనకు కొత్తేమీ కాదని ఆ పెద్దాయనకు గుర్తు చేసి ఉండవలసింది. మన పల్లెల్లో శోకాలు పెట్టి ఏడ్చే ఆడవాళ్ల మాటలు వినండి. “ఎంత పని చేశావయ్యా,” “నీకిది న్యాయమా,” “నన్ను నట్టేట ముంచి పోయావా” అంటారు. అన్నీ నిందలే. రాగంలో ఉన్నాయి గనుక మనం వాటిని ప్రేమగా వింటాం. ఒమిత్సుకు ఆ రాగం లేదు, వరసలు కలిపి ఏడ్చే పదిమంది ఆడవాళ్లు చుట్టూ లేరు. రాగం తీసేస్తే మిగిలే మాటనే ఆమె అంది. నీళ్లలో మునిగినవాడు అతను, నట్టేట మిగిలినది ఆమె.

మా మేనత్త గురించి చెప్పి ఆపేస్తాను. మామయ్య గుండెపోటుతో పోయినప్పుడు నాకు పదకొండేళ్లు. వాకిట్లో పడుకోబెట్టారు. “ఏడవవే తల్లీ, ఏడవకపోతే గుండె పట్టేస్తుంది” అని చుట్టుపక్కలవాళ్లు అత్తను కదిలిస్తున్నారు. అత్త ఏడవలేదు. కొయ్యకు తగిలించి ఉన్న మామయ్య చొక్కా దించి, జేబులోంచి నాలుగు మడతలు పెట్టిన కాగితం ఒకటి తీసింది. బంగారు గాజుల తాకట్టు చీటీ. గాజులు అత్తవి. పెట్టెలోనే ఉన్నాయని ఆవిడ అనుకుంటోంది. “చెప్పనైనా చెప్పలేదు, దొంగమొహం” అంది, అందరూ వినేలా. ఎవరో ఆవిడ నోరు మూయబోయారు. అత్త ఆ చేతిని తోసేసి, చీటీని మోకాలి మీద పెట్టుకుని అరచేత్తో మడతలు సాపు చేసి, లోపలికి వెళ్ళి బియ్యం డబ్బాలో దాచి వచ్చింది. ఆ తరువాత చాలా ఏళ్లు మా ఇళ్లల్లో ఆవిడను కఠినురాలనే చెప్పుకున్నారు, నేను కూడా నమ్మాను.

ఒమిత్సు ఉత్తరం చింపినప్పుడల్లా నాకు ఆ చీటీ గుర్తొస్తుంది. అత్తకు దాన్ని చింపే వీలు లేదు, అది పోతే గాజులు పోతాయి. నాలుగేళ్లు మిషను కుట్టి వడ్డీతో సహా కట్టి విడిపించుకుంది. ఆ రోజు నేనే సైకిలు మీద తోడు వెళ్ళాను. కొట్టు యజమాని గాజులు తూచి చూపించి, అత్త చేతిలో పెట్టి, చీటీ తీసుకుని ఇనప చువ్వకు గుచ్చేశాడు. అత్త చేతిలో గాజులు పట్టుకునే చాలాసేపు ఆ చువ్వ వైపు చూస్తూ నిలబడింది.